నాయినతో టెకీలా ఊరికి

మా నాయినతో కూర్చుని కల్లు తాగాను గానీ మందు ఎప్పుడూ తాగలేదు. తెలంగాణ పల్లెల వాళ్లకు ఈ రెండింటికీ తేడా విడమరిచి చెప్పక్కర్లేదు. పండగ పూట ఈతవనంలో తాత, తండ్రి, మనవడు వరసగా కూర్చుని తాగినా ఎవరూ తప్పు పట్టరు. అదే చేతిలో బీరు సీసా ఉంటే, నాయిన చెప్పుల చప్పుడు వినబడగానే అది మంచం కిందికి పోవాలి. నాకు ముప్పై ఎనిమిదేళ్లు వచ్చినా ఆ రూలు మారలేదు. అలాంటిది ఆయన్ని వెంటబెట్టుకుని టెకీలా అనే మెక్సికో మందు రుచి చూడ్డానికి పోవాలంటే ముందు రోజు రాత్రి నాకు టెన్షన్‌తో నిద్ర పట్టలేదు.

నేను రెండేళ్లుగా మెక్సికోలో, హలిస్కో రాష్ట్ర రాజధాని గ్వాదలహారాలో ఐటీ ఉద్యోగం చేస్తున్నాను. ఇక్కడ మనవాళ్లు తక్కువేం లేరు, మా ఆఫీసు ఒక్కదాంట్లోనే వారాంతపు క్రికెట్‌కి రెండు టీములవుతాం. నాయిన డల్లాస్‌లో అక్క దగ్గరికి వచ్చి, అటు నుంచి అటే నా దగ్గర మూడు వారాలు ఉండడానికి వచ్చాడు. అమెరికా వీసా చెల్లుబాటులో ఉంటే మెక్సికోకి వేరే వీసా అక్కర్లేదు కాబట్టి ఆ పని సులువుగా అయింది. మొదటి వారంలోనే కేథడ్రల్, మార్కెట్లు, మాల్స్ అన్నీ అయిపోయాయి. ఒక సాయంత్రం బాల్కనీలో కూర్చుని, "బిల్డింగులు సాలుగాని, ఏదన్న చెట్టో చేనో సూపియ్యిరా" అన్నాడు.

మాది నల్లగొండ వైపు, గీత వృత్తి చేసే ఇల్లు. తాత తాటిచెట్లెక్కేవాడు. నాయిన కూడా పద్దెనిమిదేళ్లకే చెట్టెక్కే మోకు, ముత్తాదు కట్టాడు. నాలుగేళ్లు గీశాక, తాత తాటిచెట్టు మీంచి పడి నడుం విరగ్గొట్టుకుని మంచానికే పరిమితమయ్యాడు. నానమ్మ మోకు తీసుకెళ్లి అటక మీద దాచేసింది. నాయిన ఆర్టీసీలో కండక్టరయ్యాడు. ముప్పై ఏళ్లు టికెట్లు కొట్టినా, బస్సు కిటికీలోంచి తాటిచెట్టు కనబడితే లొట్టి కట్టి ఉందా లేదా అని చూడకుండా ఉండలేడు.

"ఇక్కడ ఒక మొక్కను నమ్ముకుని బతికే ఊరుంది, పోదామా?" అన్నాను.

"ఏం మొక్క?"

"మన దగ్గర పొలాల గట్ల మీద కిత్తనార ఉంటది చూడు, దాని చుట్టం."

నాయిన నన్ను తిక్కోణ్ని చూసినట్టు చూశాడు. "దాంట్లకెల్లి నార తీస్తరు, తాడు పేన్తరు. కల్లెట్ల తీస్తరు?"

ఆ ఒక్క ప్రశ్న కోసమే మేం వెళ్లామంటే అబద్ధం కాదు.

గ్వాదలహారా నుంచి టెకీలా ఊరు అరవై కిలోమీటర్ల పైచిలుకు, వాయవ్యంగా. వారాంతాల్లో హోసే క్వెర్వో ఎక్స్‌ప్రెస్ అని ఒక టెకీలా కంపెనీ రైలు నడుస్తుంది. ఆట, పాట, పోస్తూనే ఉండే గ్లాసులు. మా ఆఫీసువాళ్లు దాంట్లో వెళ్లొచ్చి, ఫొటోలు చూసుకుంటే తప్ప ఏం జరిగిందో గుర్తులేదన్నారు. మామూలు బస్సులో సొంతంగానూ పోవచ్చు గానీ చేలోకి ఎవరు తీసుకెళ్తారు? అందుకని పన్నెండు మంది పట్టే వ్యానులో, గైడ్‌తో పాటు వెళ్లే ఒకరోజు టూర్ బుక్ చేశాను. డబ్బు కట్టేముందు రెండు ప్రశ్నలడిగాను. నిజంగా చేలో కోత చూపిస్తారా? చూపించేది చిన్న డిస్టిలరీయా? రెండింటికీ అవునన్నాకే కట్టాను. టూర్‌లో మధ్యాహ్న భోజనం కలిసి ఉందా అని మాత్రం అడగడం మర్చిపోయాను. "పొద్దున కడుపు నిండా తిని రండి" అని వాళ్లు పంపిన మెసేజ్ ఎందుకో సాయంత్రానికి బాగా అర్థమైంది.

ఫిబ్రవరి నెల, చలి ఇంకా పోలేదు. తొమ్మిదింటికి బయల్దేరాం. గైడ్ ఇరవై అయిదేళ్ల అమ్మాయి, ఇంగ్లిష్ గలగలా మాట్లాడుతుంది. మా నాయినకు మాత్రం ప్రతి మాటా నేను తెలుగులో చెప్పాలి. ఆయన అడిగేవాటిని తిరిగి ఇంగ్లిష్‌లో చెప్పాలి. సాయంత్రానికి నా గొంతు పోయింది, టెకీలా వల్ల కాదు.

మొదట ఆపింది చేను దగ్గర కాదు, రోడ్డు పక్క ఒక దుకాణం దగ్గర. ఇది టూర్ వివరాల్లో ఎక్కడా లేదు. వేలెడంత ప్లాస్టిక్ కప్పుల్లో బాదం, కాఫీ, కొబ్బరి వాసనల తియ్యటి ద్రవాలు వరసగా పోసి ఇస్తూ, ఇవాళ్టికే ఈ ధర అంటూ ఊదరగొట్టారు. పది గంటలకు, ఖాళీ కడుపుతో ఉన్నవాళ్లు కూడా మొహమాటానికి తాగేశారు. చేతితో ఊదిన గాజుసీసా ఒకటి ముచ్చటగా ఉందని నేను కొనబోయాను. నాయిన సీసాను వెలుతురుకు ఎత్తి పట్టుకుని అటూ ఇటూ తిప్పాడు. "బంగారం రంగు మంచిగనే ఉందిగాని, ఇది ఏడ తయారైందో రాసిలేదేందిరా?" అన్నాడు. టికెట్టు మీద నంబరు చూడకుండా ఎవర్నీ వదలని మనిషి కదా. అప్పటికి దాని అర్థం నాకూ తెలియదు, కానీ సీసా కింద పెట్టేశాను. సీసా మీద ఉండాల్సిన ఒక నంబరు సంగతి తర్వాత చెబుతాను.

ఎల్ అరెనాల్ అనే ఊరు దాటాక కొండల వాలంతా రంగు మారిపోయింది. ఆకుపచ్చ కాదు, బూడిద కలిసిన నీలం. దూరం నుంచి చూస్తే ఎండలో చెరువు మెరిసినట్టుంది. దగ్గరికి వచ్చేకొద్దీ వరసలు విడిపోయి, ఒక్కో మొక్కా కత్తుల గుత్తిలా కనిపిస్తుంది. వెనకాల దాదాపు 2,900 మీటర్ల ఎత్తున టెకీలా అగ్నిపర్వతం. ఎప్పుడో చల్లారిపోయిందిగానీ ఈ నేలంతా అది పోసిన బూడిదేనట. గట్ల మీద నల్లటి గాజురాయి ముక్కలు మెరుస్తుంటాయి. ఈ చేలు, పాత డిస్టిలరీలు అన్నీ కలిపి 2006లో యునెస్కో వారసత్వ జాబితాలో చేరాయి. నాయిన వ్యాను దిగి ముందు చేసిన పని వంగి గుప్పెడు మట్టి తీసుకుని నలిపి చూడడం.

చేలో మా కోసం ఒక పెద్దాయన ఎదురుచూస్తున్నాడు. ఈ మొక్క కోసేవాళ్లను హిమదోర్ అంటారు. చేతిలో కోవా అనే పనిముట్టు: మనిషి ఎత్తు కర్ర, చివర పళ్లెమంత గుండ్రటి ఉక్కు బిళ్ల, దాని అంచు గడ్డం గీసుకునేంత పదును. ఆయన మొక్క చుట్టూ తిరుగుతూ మట్టల్ని మొదలు దాకా చెక్కేస్తుంటే టకటకమని రాలిపోతున్నాయి. రెండు మూడు నిమిషాల్లో కత్తుల గుత్తి కాస్తా తెల్లటి పెద్ద గడ్డగా మిగిలింది. అనాసపండులా ఉంటుంది కాబట్టి స్పానిష్‌లో దాన్ని పిన్యా అంటారు. నలభై కిలోల నుంచి ఎనభై కిలోల దాకా తూగుతుందట. మట్ట మొదట్లో పచ్చరంగు ఎక్కువ వదిలేస్తే మందు చేదెక్కుతుంది, మరీ లోపలికి చెక్కితే చక్కెర పోతుంది. కొలబద్దలేం ఉండవు, అంతా చెయ్యి వాటమే.

"పచ్చిది కొరకొచ్చా?" అని వ్యానులోని ఒక కుర్రాడు అడిగాడు. వద్దంది గైడ్. ఆ రసం తగిలితే ఒళ్లు దురద పుడుతుందట. నాయిన వెంటనే "కందగడ్డ లెక్క" అన్నాడు. తర్వాత వెతికి చూస్తే రెండింట్లోనూ ఉండేవి అవే సూదుల్లాంటి ఆక్సలేట్ స్ఫటికాలు.

నాయిన అడిగిన మొదటి ప్రశ్న నాకు తెలుగులోనే అర్థం కావడానికి కొంచెం టైం పట్టింది. "మల్లెప్పుడు గీస్తరు దీన్ని?"

మళ్లీ లేదు. ఈ మొక్క పేరు నీలం అగావే, కోతకు రావడానికి ఆరు నుంచి ఎనిమిదేళ్లు పడుతుంది. ఒక్కసారి కోస్తే మొక్క అయిపోయినట్టే. మా తాత గీసిన ఈతచెట్లు ఊళ్లో ఇంకా కొన్ని ఉన్నాయి. ఒక ఏడు ఈ పక్క, మరో ఏడు ఆ పక్క గీస్తూ పోతారు కాబట్టి మాను పొడుగునా మెట్ల మాదిరి గాట్లుంటాయి. వాటిని లెక్కపెట్టి చెట్టు ఎన్నేళ్లు కల్లిచ్చిందో చెప్పొచ్చు. గీసేవాడు పోయినా చెట్టు ఉంటుంది. ఇక్కడ ఏడేళ్లు పెంచింది మూడు నిమిషాల్లో నేలకొరిగింది. నాయిన కాసేపు ఏం మాట్లాడలేదు. తర్వాత, "పూత పూయదా మరి?" అన్నాడు.

పూస్తుంది. వదిలేస్తే నడిమధ్య నుంచి తాటిమట్టకు రెండింతల పొడుగున్న కాడ లేచి పూస్తుంది, కడుపులో దాచుకున్న చక్కెరంతా దానికే పెట్టేసి చచ్చిపోతుంది. అందుకే కాడ తల ఎత్తగానే నరికేస్తారు. విత్తనం మాటే లేదు. తల్లి మొక్క పక్కన మొలిచే పిలకల్ని తీసి నాటుతారు, మన అరటి పిలకల్లాగే. అంటే ఈ కొండల నిండా ఉన్నవన్నీ దాదాపు ఒకే మొక్క నకళ్లు. ఒకదానికి తెగులొస్తే అన్నింటికీ వస్తుంది. ఈ పూలమీద బతికే గబ్బిలాల కోసం ఈమధ్య కొందరు రైతులు కొన్ని మొక్కల్ని పూతకు వదిలేస్తున్నారని గైడ్ చెప్పింది.

ధర సంగతి నాయిన అడక్కుండా ఉంటాడా? కొన్నేళ్ల కింద అగావేకి విపరీతమైన రేటొచ్చిందట. అది చూసి కనబడిన ప్రతివాడూ మొక్కజొన్న పీకేసి ఇదే వేశాడు. ఏడేళ్ల తర్వాత అందరి పంటా ఒక్కసారే చేతికొచ్చేసరికి రేటు పాతాళానికి పోయింది. "మన మిర్చి కథే" అన్నాడు నాయిన. మిర్చి అయితే మరుసటి ఏడు వేరే పంట వేసుకోవచ్చు, ఇది ఏడేళ్లు నేలను పట్టుకుని కూర్చుంటుంది.

వెళ్లే ముందు నాయిన చెయ్యి చాపాడు. పెద్దాయన నవ్వి కోవా ఇచ్చాడు. నాయిన దాని అంచుమీద బొటనవేలి గోరు ఆనించి చూసి తల ఊపాడు. తాత చెక్క మీద రాతిపొడి చల్లి గీత కత్తి నూరాక చూసేది అచ్చం ఇలాగే. రెండు మట్టలు చెక్కాడు. మొదటిది వంకరగా వచ్చింది, రెండోది పర్వాలేదు. పెద్దాయన ఏదో అన్నాడు. "ఇంతకుముందు కత్తి పట్టిన చెయ్యి" అన్నాడట. నేను తెలుగులో చెప్పేసరికి నాయిన మొహం అటు తిప్పుకుని వ్యాను వైపు నడిచాడు.

డిస్టిలరీ ఊరి చివర ఉంది. గేటు దాటకముందే వాసన పట్టేసింది. చెరుకు బెల్లం వండేటప్పుడు వచ్చే వాసన, దానిలో కాల్చిన గెనుసుగడ్డ కలిసినట్టు. ఇటుకల బట్టీ ఒకటి చిన్న గదంత ఉంది. సగానికి కోసిన పిన్యాల్ని అందులో పేర్చి తలుపు మూసి ఆవిరి పెడతారు. ఇక్కడ దాదాపు రెండు రోజులు ఉడికించి, ఇంకో రోజు చల్లారనిస్తారట. ప్రెషర్ కుక్కర్ లాంటి పెద్ద స్టీలు గొట్టాల్లో కొన్ని గంటల్లోనే ఉడికించేవాళ్లున్నారు. అసలు ఉడికించకుండానే యంత్రంతో చక్కెర లాగేసేవాళ్లూ ఉన్నారు. గైడ్ వాళ్లను తిట్టలేదు గానీ మొహం చూస్తే తెలిసిపోయింది.

ఉడికిన ముక్క ఒకటి చేతిలో పెట్టింది. గోధుమ రంగు, వేళ్లకు అంటుకునేంత జిగురు. పచ్చిగా ఉన్నప్పుడు పిండిలాంటి పదార్థంగా ఉండేది వేడికి చక్కెరగా మారుతుందట. నమిలితే తేనె, బెల్లం, చివర్లో కాస్త వగరు. నోట్లో మిగిలిన పీచు ఊసేశాం. నాయిన ఆ పిప్పిని అరచేతిలో వేసుకుని విడదీశాడు. "గిదీ నారే" అన్నాడు సంతోషంగా. కిత్తనారే అని తేలిపోయింది ఆయనకి.

తర్వాత పిండడం. ముంగిట్లో పాత రాతి గానుగ ఒకటి ఉంది. గుండ్రటి గుంటలో రెండు టన్నుల రాతి చక్రం, ఒకప్పుడు గాడిదలు లాగేవట. దాన్ని తహోనా అంటారు. ఇప్పుడు అది ఫొటోలకే, పని చేసేది మిల్లు. రసం తీసి పెద్ద తొట్లలో పోసి పులియనిస్తారు. ఆ గదిలోకి అడుగుపెట్టగానే నాయిన ఆగిపోయాడు. నేనూ ఆగాను. బుడబుడమని పొంగుతున్న నురగ, ముక్కుపుటాల్లో గుచ్చే పులుపు, తొట్టి చుట్టూ మూగిన ఈగలు. కళ్లు మూసుకుంటే నల్లగొండలో మా ఊరి కల్లు మండువలో ఉన్నట్టే.

గైడ్ ఒక గరిటతో కొంచెం తీసి మాకు ఇచ్చింది. నాయిన ఒక గుక్క తాగి, నాలుక చప్పరించి, తీర్పు చెప్పాడు: "కల్లే ఇది. పొద్దుమూకి దించిన కల్లు." అక్కడితో ఆయన ప్రశ్నకు జవాబు దొరికింది. ఈ దశలో దానిలో ఆల్కహాల్ బీరంతే ఉంటుంది. "మరి ఈడ్నే ఆపొచ్చు గదా?" అన్నాడు. దీన్ని తర్జుమా చేస్తే గైడ్ గట్టిగా నవ్వింది. నిజానికి అలా ఆపేదీ ఉంది. వేరే జాతి అగావేల నడిబొడ్డు తొలిచి, ఊరిన తీపినీళ్లను తీసి పులియబెడితే పుల్కే అవుతుంది, తెల్లగా, జిగటగా. ఈ దేశపు అసలు కల్లు అదే, స్పెయిన్ వాళ్లు రాకముందునుంచీ ఉన్నది. ఇక్కడి పాతకాలపు జనాలకు అగావే దేవత కూడా ఉంది, పేరు మాయావెల్. మన గీతవాళ్ల దేవుడు కాటమయ్య లాగే అన్నమాట.

మరి పులిసినదాన్ని కాచి మందు తీయడం ఎవరు నేర్పారు? స్పెయిన్ వాళ్లేనని అందరూ చెప్పే మాట. ఇంకో వాదన ఉంది. 1565 నుంచి రెండున్నర శతాబ్దాలు మనీలాకీ అకపుల్కోకీ మధ్య ఓడలు తిరిగాయి. వాటిలో వచ్చిన ఫిలిప్పీన్స్ మనుషులు పసిఫిక్ తీరంలో కొబ్బరిచెట్లు గీశారు, ఆ కల్లు కాచారు, అది చూసి ఇక్కడివాళ్లు అగావేని కాచారు. ఇక్కడి కొలిమా తీరంలో కొబ్బరి కల్లును ఇప్పటికీ తూబా అనే ఫిలిప్పీన్స్ పేరుతోనే అమ్ముతారు. ఇది చెప్పగానే నాయిన మొహం వెలిగిపోయింది. "సూసినవా? గీతోడే నేర్పిండు!" చరిత్రకారులు తేల్చినా తేల్చకపోయినా మా ఇంట్లో ఈ విషయం ఆ రోజే తేలిపోయింది.

రాగి బట్టీలు రెండు. మొదటిసారి కాచినదాన్ని ఆర్డినారియో అంటారు, అది ఇంకా టెకీలా కాదు. మళ్లీ కాచాలి. రెండోసారి కాచినప్పుడు ముందు వచ్చేదాన్ని తల అనీ, చివర వచ్చేదాన్ని తోక అనీ పక్కకు తీసేసి, మధ్యలో వచ్చే గుండెనే పట్టుకుంటారు. ఘాటైన చెడు రసాయనాలు తలలో ఎక్కువ. నాయినకు గుడుంబా అంటే చచ్చేంత కోపం, ఊళ్లో దానివల్ల పోయినవాళ్లను చూశాడు. "మనోళ్లు తలకాయ గూడ అమ్ముకున్నరు" అన్నాడు మెల్లగా. అది నేను తర్జుమా చేయలేదు.

ఇక రుచి చూసే గది. పొడవాటి బల్ల, మనిషికి నాలుగు గ్లాసులు. నాయిన నా ఎదురుగా కూర్చున్నాడు. గైడ్ పోసింది. అందరూ గ్లాసు ఎత్తారు. నేను ఎత్తలేదు. ఆయన నా వైపు చూసి, "తాగురా, ఇయ్యాల సదువుకు వొచ్చినం" అన్నాడు. ముప్పై ఎనిమిదేళ్ల రూలు అలా పోయింది.

ఉప్పు, నిమ్మబద్ద బల్ల మీద లేవు. హైదరాబాద్ పబ్బుల్లో నేను నేర్చుకున్న టెకీలా అంటే ఉప్పు నాకి, ఒక్క గుటకలో మింగి, నిమ్మకాయ కొరికి, మర్నాడు తల పట్టుకోవడం. ఇక్కడ చెప్పిన పద్ధతి వేరు. గ్లాసు వంచి తిప్పి చూడాలి. ముక్కు పూర్తిగా లోపల పెట్టకుండా అంచు దగ్గర వాసన పట్టాలి. మొదటి చుక్క నోరంతా తిప్పి మింగాలి, అది నోటిని నిద్రలేపడానికి. అసలు రుచి రెండో చుక్క నుంచి తెలుస్తుంది. చిన్నచిన్న గుక్కలు వేయాలి, ముద్దు పెట్టినట్టు అంది గైడ్. దీన్ని నాయినకు ఎలా చెప్పాలో తెలియక "కొంచెం కొంచెం" అన్నాను.

మొదటిది బ్లాంకో, నీళ్లలా తెల్లగా ఉంటుంది, పీపాలో ఊరబెట్టనిది. గొంతు మండుతుందనుకుంటే బట్టీ దగ్గర నమిలిన ముక్క రుచి, మిరియం ఘాటు, తడిగడ్డి వాసన. రెండోది రెపోసాదో, ఓక్ పీపాలో కనీసం రెండు నెలలుంటుంది. మూడోది అన్యేహో, కనీసం ఏడాది. నాలుగోది ఎక్స్‌ట్రా అన్యేహో, మూడేళ్లు దాటినది. ఈ చివరి రకాన్ని 2006లోనే అధికారికంగా గుర్తించారట. ధర కూడా ఆ వరసలోనే పెరుగుతుంది. వ్యానులో అందరూ నాలుగోదాన్ని మెచ్చుకున్నారు, వెనిలా అని ఒకరు, చాక్లెట్ అని ఒకరు. నాయిన దాన్ని రెండుసార్లు చప్పరించి పక్కకు జరిపాడు. "గిది విస్కీ అయ్యిందిరా. చెట్టు పోయింది." మళ్లీ బ్లాంకో అందుకున్నాడు. నేను ఆ తర్వాత చాలా సీసాలు రుచి చూశాను, చాలా చదివాను గానీ ఇంతకంటే సరైన మాట నాకు దొరకలేదు. పీపా ఎక్కువయ్యేకొద్దీ మొక్క మాయమవుతుంది.

ఇక ఆ నంబరు. సీసా మీద రెండు విషయాలు చూడాలని గైడ్ చెప్పింది. ఒకటి, నూరు శాతం అగావే అని రాసి ఉండాలి. అలా రాయనిది "మిక్స్‌తో" అనే రకం. చట్టం ప్రకారం దానిలో అగావే చక్కెర 51 శాతం ఉంటే చాలు, మిగతాది చెరుకు చక్కెరో ఇంకోటో కావచ్చు. నా పబ్బు రోజుల బంగారు రంగు సీసా ఆ బాపతేనని అప్పుడు తెలిసింది, ఆ రంగు చాలాసార్లు క్యారమెల్ వల్ల. రెండు, నోమ్ అనే మాట, పక్కన నాలుగంకెలు. అది డిస్టిలరీ గుర్తింపు సంఖ్య. వేర్వేరు పేర్లతో, వేర్వేరు ధరలతో ఉన్న రెండు సీసాల మీద అదే నంబరు ఉందంటే రెండూ ఒక గేటులోంచే బయటికొచ్చాయన్నమాట. పొద్దున్నటి దుకాణంలో సీసా మీద నాయినకు కనబడనిది ఇదే. ఆయన నా వైపు చూశాడు, ఏం అనలేదు. అనకపోవడమే ఎక్కువైంది.

"మన కిత్తనారతోటి మనం తీస్తే?" అని అడిగాడు. తీయొచ్చు, టెకీలా అనకూడదు. 1974 నుంచి ఆ పేరు ఈ ప్రాంతానిదే: హలిస్కో మొత్తం, మరో నాలుగు రాష్ట్రాల్లో కొన్ని ప్రాంతాలు. మొక్క కూడా నీలం అగావేనే అయి ఉండాలి. మన చిత్తూరు జిల్లాలో దక్కను అగావేతో ఇలాంటి మందు తీసినవాళ్లున్నారు, అగావే స్పిరిట్ అనే పేరుతోనే అమ్ముకున్నారు. ఇది విని నాయిన నమ్మలేదు, ఫోనులో చూపించాల్సి వచ్చింది.

ఊళ్లో రెండు గంటలు వదిలారు. రాళ్లు పరిచిన వీధులు, పాత రాతి చర్చి, పీపా ఆకారంలో చేసిన బస్సులు. స్పెయిన్ రాజు 1795లో క్వెర్వో కుటుంబానికి మందు తీయడానికి అనుమతిచ్చాడట. వాళ్ల ఫ్యాక్టరీ ఇప్పటికీ ఊరి నడిబొడ్డులోనే ఉంది. లా కపియా అనే పాత బార్ చూశాం. టెకీలా, కోలా, నిమ్మరసం పోసి కత్తితో కలిపే బతాంగా అక్కడే పుట్టింది. నాయిన గుమ్మం దాకా వచ్చి, కోలా సీసా చూసి వెనక్కి తిరిగాడు. భోజనం లేదు కదా, మొక్కజొన్న రొట్టెలు, చిక్కుడుగింజల ముద్ద తిన్నాం. మిరప్పొడి, నిమ్మరసం పట్టించిన పల్లీలు దొరికాయి. రుచి చూసే బల్ల మీద ఉండాల్సింది ఇవి. గుడాలు లేకుండా తాగడమేంటని నాయిన పొద్దున్నుంచీ గొణుగుతూనే ఉన్నాడు.

తిరుగుదారిలో అమాతితాన్ దగ్గర "కంతారితో" అనే పానీయం తాగడానికి ఆపారు. మట్టి ముంతలో నారింజ, నిమ్మ, గ్రేప్‌ఫ్రూట్ రసాలు, ఉప్పు, కాస్త సోడా, బోలెడంత టెకీలా. చల్లగా, తియ్యగా, దొంగలా ఎక్కుతుంది. వ్యానులో సగం మంది అక్కడే దొరికిపోయారు. పొద్దున పచ్చి గడ్డ కొరుకుతానన్న కుర్రాణ్ని ఇద్దరు పట్టుకుని ఎక్కించారు. నాయిన మాత్రం ముంత కడిగించుకుని సంచిలో వేసుకున్నాడు. మట్టి వాసన బాగుందట.

ఇండియాకి ఒక మనిషి సుంకం లేకుండా రెండు లీటర్ల దాకా మందు తెచ్చుకోవచ్చు. ఆ చిన్న డిస్టిలరీ బ్లాంకోవే రెండు సీసాలు కొన్నాను. నాయిన వాటిని లుంగీల్లో చుట్టి చెకిన్ సూట్‌కేసు నడిమధ్య పెట్టాడు, ముంతను మాత్రం చేత్తో పట్టుకెళ్లాడు.

ఊరికెళ్లిన వారానికి వీడియో కాల్ వచ్చింది. ఈతవనంలో మంచం, మంచం మీద నాయిన, పక్కన చిన్నాయిన. చిన్నాయిన ఇప్పటికీ గీత పనే చేస్తాడు, నడుముకు ముత్తాదు అలాగే ఉంది. నాయిన సీసా మీది నాలుగంకెలు కెమెరాకు చూపించి, కొంచెం నేలమీద కాటమయ్యకు పోసి, మట్టి ముంతలో ఇంకొంచెం పోసి అందించాడు. కొంచెం కొంచెం తాగు, మొదటి చుక్క నోరంతా తిప్పు అని చెబుతూనే ఉన్నాడు. చిన్నాయిన ముంత ఎత్తి ఒక్క గుటకలో అవతల పెట్టేశాడు. మూతి తుడుచుకుని, కాసేపు ఆలోచించి, ఫోను వైపు తిరిగాడు.

"అంత మంచిగనే ఉందిగాని, పులుపేదిరా?" అన్నాడు.